బూటులో కాలు జారకుండా: శ్రీశైలం నడిచే వాళ్ళకు

ఉగాదికి శ్రీశైలం నడిచి పొయ్యేవాళ్ళు మన లైన్లలో ప్రతి ఏడూ ఉంటారు. కన్నడ సీమ వాళ్ళకు భ్రమరాంబ ఇంటి ఆడపడుచు కదా, సారె తీసుకొని నడిచే పోతారు. చెప్పుల్లేకుండా వస్తామని మొక్కుకున్న వాళ్ళ సంగతి వేరు. బూట్లు ఏసుకొని పొయ్యేవాళ్ళకే నేను చెప్పేది.

ఆత్మకూరు దాటి వెంకటాపురం కాడ అడవిలోకి పోతే నాగలూటి, పెద్దచెరువు, ఆమీద భీముని కొలను. అక్కడ లోయలోకి దిగి, మళ్ళీ కైలాస ద్వారం దాకా ఎక్కాల. ఎక్కేటప్పుడు ఆయాసమే. కాళ్ళు చెడేది దిగేటప్పుడు. నేను పోయిన ఏడు, వదులుగా ఉంటే సుఖమని ఒక నంబరు పెద్ద బూట్లు తీసుకున్నా. దిగే ప్రతి మెట్టుకూ కాలు ముందుకు జారి వేళ్ళు బూటు మూతికి గుద్దుకున్నాయి. ఇంటికొచ్చేసరికి రెండు బొటనవేళ్ళ గోళ్ళూ నల్లబడినాయి.

నాతో వచ్చిన అన్నకు షుగరు. మడమ రాసుకొని బొబ్బ లేచి పగిలినా ఆయనకు నొప్పే తెలీలేదు. సాక్సు తడిసింది చెమటకు అనుకున్నాడు. ఇప్పి చూస్తే నెత్తురు. ఆ పుండు మానడానికి మూడు నెలలు పట్టింది. కాలు దక్కింది, అంతే చాలు.

బూట్లు సాయంత్రం పూట కొనాల. పగలంతా నిలబడి, తిరిగి కాళ్ళు ఉబ్బి ఉంటాయి. నడిచేటప్పుడు ఏసుకునే సాక్సులతోనే ఏసి చూడాల. లేసులు ఇప్పి కాలు ముందుకు తోస్తే మడమ వెనక ఒక వేలు పట్టాల, రెండు పట్టకూడదు. ఇప్పటికే పెద్దవి కొని ఉంటే లోపల ఇంకో అట్ట ఏసుకోండి.

అసలు కిటుకు లేసులో ఉంది. శానామంది పైన చివర ఉండే తూటును వదిలేస్తారు. లేసు కొనను అదే పక్క ఆ తూటులోకి దూర్చి చిన్న ఉచ్చు మాదిరి వదలండి. రెండో పక్కా అట్లే. ఇప్పుడు కుడి కొనను ఎడమ ఉచ్చులో, ఎడమ కొనను కుడి ఉచ్చులో దూర్చి, మడమను వెనక్కి ఆనించి, గట్టిగా లాగి ముడెయ్యండి. మడమ కదలదు, కాలు ముందుకు జారదు. వేళ్ళ కాడ మాత్రం బిగించొద్దు, రక్తం ఆడాల.

సాక్సుల మాట చెప్తే నన్ను తిడతారేమో, పత్తి మీదే బతికినోణ్ణి. కానీ నూలు సాక్సు చెమటను తాగి పట్టుకుంటుంది, తొందరగా ఆరదు. తడిసిన చర్మం మెత్తబడి తొందరగా ఒలుస్తుంది. ఉన్నిదో, నైలాను కలిసినదో మేలు. ఇంకో జత సంచిలో పెట్టుకొని, ఆగిన చోట మార్చుకోండి.

కొత్త బూట్లతో నేరుగా అడవికి పోవద్దు. పదిహేను దినాలు ముందుగా మన కోటగుట్ట ఎక్కి దిగండి, యాడ రాసుకుంటుందో అక్కడే తెలుస్తుంది. షుగరున్న వాళ్ళు ముందు డాక్టరును అడిగి పోండి. ఏసుకునే ముందు బూటులో చెయ్యి పెట్టి రాళ్ళు చూసుకోండి. ఆగిన ప్రతిచోటా సాక్సు ఇప్పి, పక్కవాళ్ళ చేత అరికాలు, మడమ చూపించుకోండి. బొబ్బ కనపడితే గుచ్చొద్దు, శుభ్రమైన గుడ్డ కట్టి, అక్కడినుంచి బస్సు దొరికే చోటికి ఎట్ల పోవాల్నో చూసుకోండి. మల్లయ్య వచ్చే ఏడు కూడా అక్కడే ఉంటాడు.