కోడిపిల్లల రెట్టలో రక్తమా? అది కొక్కెర కాదు

పైన వీడియోలో ఊక మీద ఎర్రటి రెట్ట చూశారు కదా, అదే రక్త పారుడు. డాక్టర్లు కాక్సిడియోసిస్ అంటారు. చాలామంది ఫోన్ చేసి "అన్నా, పిల్లలకి కొక్కెర వచ్చింది" అంటారు. కొక్కెరలో రెట్ట ఆకుపచ్చగా, తెల్లగా పడుతుంది, మెడ తిరిగిపోతుంది. ఇందులో పిల్ల రెక్కలు వేలాడేసి, ఈకలు ఉబ్బించుకుని ఒక మూల ముడుచుకుంటుంది, తుర్రాయి పాలిపోతుంది. ఎక్కువగా 3 నుంచి 6 వారాల పిల్లల్లో వస్తుంది. అనుమానం ఉంటే చచ్చిన పిల్లను కోసి చూడండి. పేగు చివర రెండు గుడ్డి సంచులుంటాయి, వాటినిండా రక్తం గడ్డకట్టి ఉంటుంది.

రాయలసీమలో ఎండ ఉంది కదా, తేమ రోగం మనకెందుకు వస్తుందని అడుగుతారు. మహానంది దగ్గర కోనేటి నీళ్లు ఎప్పుడూ పారుతుంటాయి, అరటి తోటల్లో నేల ఆరదు. ఎండిన ఊళ్లో అయినా నీళ్ల డబ్బా కారితే దాని చుట్టూ ఊక తడిసిపోతుంది. రెట్టలో పడిన ఐమీరియా అనే పరాన్నజీవి గుడ్లు ఆ తడిలో ఒకటి రెండు రోజుల్లోనే రోగం అంటించే దశకు వస్తాయి. పిల్ల వాటిని తిన్న నాలుగైదు రోజులకు రక్తం పడుతుంది. అంటే మీరు రక్తం చూసేసరికి మిగతావి కూడా తినేసి ఉంటాయి. అందుకే మందు జబ్బు పిల్లకే కాదు, మొత్తం గుంపుకి పెట్టాలి.

వేపాకు, పసుపు నేనూ వాడతాను. కానీ రక్తం పడుతుంటే వాటితో సరిపెట్టొద్దు, రెండు రోజుల్లో గుంపు పోతుంది. ప్రకృతి సేద్యం చేస్తున్నామని పిల్లల్ని చంపుకోవడం నాకు నచ్చదు. ఆంప్రోలియం 20 శాతం పౌడర్ వెటర్నరీ షాపులో దొరుకుతుంది. రోగం గట్టిగా ఉంటే లీటరు నీళ్లకు 1.2 గ్రాములు, 5 నుంచి 7 రోజులు. వేరే నీళ్లు పెట్టొద్దు, రోజూ కొత్తగా కలపండి. కంపెనీని బట్టి మోతాదు మారొచ్చు, ప్యాకెట్ చూసి పశువుల డాక్టర్‌ను అడగండి. విటమిన్ కె ఇస్తే రక్తం గడ్డకట్టడానికి పనికొస్తుంది. ఆ రోజుల్లో బి-కాంప్లెక్స్ టానిక్ మాత్రం ఆపండి, అందులోని బి1 మందు పనిని తగ్గిస్తుంది.

ఊక పిడికిట్లో నొక్కితే ముద్ద కట్టకూడదు. కడితే తీసేసి పొడి ఊక వేయండి, కాస్త పొడి సున్నం కలిపి రోజూ తిరగేయండి. ఫినాయిల్‌కి ఈ గుడ్లు చావవు. బ్యాచ్ అయిపోయాక పాత ఊకను కంపోస్టు గుంతలో వేసి మూసి, గచ్చుని మన ఎండకు బాగా ఎండనివ్వండి. పెద్ద కోళ్లు పైకి బాగానే ఉన్నా ఈ గుడ్లు విసర్జిస్తుంటాయి, వాటిని పిల్లల షెడ్డులోకి రానివ్వొద్దు.