గోడమీది జొన్నలు

కూరెకుప్ప ఇల్లు పడగొట్టిస్తున్నామని, చూడాలనుంటే ఆదివారం వచ్చిపొమ్మని పోయిన వేసవిలో మా అన్న ఫోన్ చేశాడు. తోరణగల్లులో రైలు దిగి ఆటో ఎక్కితే, నడిపే అబ్బాయి ఎక్కడికని హిందీలో అడిగాడు. నా చిన్నప్పుడు ఆ దారిలో ఎవరైనా తెలుగులోనో కన్నడంలోనో పలకరించేవారు. 1971లో ఇందిరాగాంధీ ఇక్కడ ఉక్కు కర్మాగారానికి శంకుస్థాపన చేశారు. పనులు ఊపందుకున్నది మాత్రం తొంభైల్లో, ప్రైవేటు సంస్థ వచ్చాకే. ఆ తర్వాత ఊరికి ఎక్కడెక్కడి మనుషులో వచ్చారు. పనులొచ్చాయి కాబట్టి తప్పుపట్టను.

మాది మట్టిమిద్దె. దూలాలు, దంతెలు, వాటిపైన చౌడు. ఏటా వానలకు ముందు కొత్త చౌడు వేసి తొక్కకపోతే కారుతుంది. అవ్వ పోయాక ఆ పని పట్టించుకున్నవారు లేరు. నడిమింట్లో గవాక్షి కింద పడే వెలుతురులోనే అవ్వ బియ్యం ఏరేది, నేను పక్కన కూర్చుని ఒత్తులు దిద్దేవాణ్ణి. ఇప్పుడు అక్కడ మిద్దె కూలి, ఆకాశమే కనిపిస్తోంది. అవ్వ ఒక పూట ‘తలుపు వెయ్యి’ అనేది, ఇంకో పూట ‘బాగిలు వెయ్యి’ అనేది. రెండూ మాకు ఇంటి మాటలే.

గాదె పక్క గోడమీద తాత బొగ్గుతో రాసిన లెక్కలు సగం మిగిలాయి. మా అన్న కొడుకు కన్నడ బడిలో ఏడో తరగతి. రెండు లిపులూ దగ్గరివే కదా, కూడబలుక్కుని ‘జొన్నలు’ అని చదివాడు. చదివి, ‘అంటే ఏంటి చిన్నాయనా?’ అన్నాడు. జోళం అని చెప్పాను. పొద్దున అదే రొట్టె తిన్నాడు వాడు.

1953 అక్టోబరు 1న బళ్ళారి మైసూరు రాష్ట్రంలో కలిసింది. భాషా అల్పసంఖ్యాకుల పిల్లలకు ప్రాథమిక దశలో మాతృభాషలో చదువు చెప్పే సౌకర్యం కల్పించాలనే 350-ఎ అధికరణం 1956లో రాజ్యాంగంలో చేరింది. ఏటా తల్లిదండ్రులకు ఈ మాట చెప్పి పిల్లల్ని మా బడిలో చేర్పించుకుంటాను. సొంత అన్నకు చెప్పలేదు. దగ్గర్లో తెలుగు బడి లేదని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను. సెలవుల్లోనైనా వాణ్ణి నా దగ్గర కూర్చోబెట్టుకుని ఉండొచ్చు.

ఆ మధ్యాహ్నం వాడూ నేనూ గోడమీది లెక్కంతా నోటుపుస్తకంలోకి ఎక్కించాం. నేను చదివాను, వాడు తెలుగులో రాశాడు. తలకట్లు చాలాచోట్ల కన్నడంవే పడ్డాయి. నేను దిద్దలేదు. నాలుగు గంటలకు జేసీబీ వచ్చింది.