మూసీ ఇవతలి గట్టు

కోఠి పేరు చెప్పగానే హైదరాబాద్ వాళ్లకు బడీచౌడీ చీరలు, ఫుట్‌పాత్ మీద పరిచిన పాత పుస్తకాలు, బస్సుల కోసం తోసుకునే జనం గుర్తొస్తారు. చరిత్ర సంగతి ఎత్తితే మాత్రం అందరూ మహిళా విశ్వవిద్యాలయం ఆవరణలోని పాత బ్రిటిష్ రెసిడెన్సీనే చూపిస్తారు. ఆ భవనం చూసి తీరాల్సిందే, సందేహం లేదు. అయితే దాని చుట్టూ అల్లుకున్న సుల్తాన్‌బజార్‌ను, అక్కడి ఇళ్లను పక్కన పెడితే అసలు కథ చేజారిపోతుంది. ఈ పేటకు దాని తీరును ఇచ్చింది మూసీ. చార్మినార్ ఆ గట్టున, రెసిడెన్సీ ఈ గట్టున. నడుమ పారే నది నిజాం, బ్రిటిష్ అధికారాలకు ఎల్లగా నిలిచింది. ఆ ఎల్లకు ఇవతల దొరికిన వెసులుబాటును జనం ఎలా వాడుకున్నారన్నదే సుల్తాన్‌బజార్ చరిత్ర.

ఈస్టిండియా కంపెనీ రెసిడెంట్ జేమ్స్ అకిలీస్ కిర్క్‌పాట్రిక్ 1803 ప్రాంతంలో రెసిడెన్సీ భవనం పని మొదలుపెట్టాడు. నమూనా గీసింది మద్రాసు ఇంజనీర్ల దళానికి చెందిన శామ్యూల్ రసెల్, ఖర్చు నిజాంది. ఎత్తయిన స్తంభాల వరస, మెట్లకు అటూ ఇటూ సింహాలు, లోపల విశాలమైన దర్బారు హాలు. పరదా చాటున ఉండే భార్య ఖైరున్నీసా కోసం ఈ భవనానికే చిన్న ప్రతిరూపాన్ని తోటలో కట్టించాడని చెబుతారు. కిర్క్‌పాట్రిక్ 1805లోనే కలకత్తాలో కన్నుమూశాడు.

భవనం చుట్టూ లేచిన రెసిడెన్సీ బజార్లలో నిజాం కోర్టుల మాట చెల్లేది కాదు, పాలన అంతా రెసిడెంట్‌దే. సాహుకార్లు ఇటు చేరడానికి అదే పెద్ద ఆకర్షణ. అవతలి గట్టు అమీర్లకు అప్పులిచ్చేవాడికి, ఆ అమీర్ల చెయ్యి అందని చోట ఇల్లుంటేనే ధైర్యం. నిజాం ప్రభుత్వానికే అప్పులిచ్చిన విలియం పామర్ కంపెనీ 1814లో ఇక్కడే వెలిసింది. ఇళ్లూ ఆ బతుకుకు తగ్గట్టే ఉండేవి: వీధి మీదికి దుకాణం, పైన కాపురం, రాకపోకలన్నీ కనపడేలా మేడ మీద బాల్కనీ. 1857 తిరుగుబాటు రోజుల్లో, జూలై 17న, ఆ ఇళ్లు వేరే పనికొచ్చాయి. తిరుగుబాటు నాయకులు తుర్రేబాజ్ ఖాన్, మౌల్వీ అల్లావుద్దీన్ రొహిల్లాలతో వచ్చి రెసిడెన్సీకి ఎదురుగా ఉన్న అబ్బన్ సాహెబ్, జైగోపాల్ దాస్ ఇళ్లలో మాటువేసి కాల్పులు జరిపారు. రెసిడెన్సీ నీడన పెరిగిన వీధే దాని మీదికి తుపాకీ ఎక్కుపెట్టింది. దాడి విఫలమైంది. అల్లావుద్దీన్‌ను అండమాన్‌కు పంపారు, తుర్రేబాజ్ ఖాన్‌ను 1859లో కాల్చి చంపారు.

ఇవతలి గట్టు వెసులుబాటును తెలుగువాళ్లు మరో రకంగా వాడుకున్నారు. 1901 సెప్టెంబర్ 1న రావిచెట్టు రంగారావు ఇంట్లో శ్రీకృష్ణదేవరాయ ఆంధ్రభాషా నిలయం మొదలైంది. కొమర్రాజు లక్ష్మణరావు, మునగాల రాజా నాయని వెంకటరంగారావు వెన్నుదన్నుగా నిలిచారు. బడిలో, కచేరీలో ఉర్దూ రాజ్యమేలుతున్న సంస్థానంలో తెలుగు పుస్తకం కోసం ఒక చోటు ఏర్పడడం మామూలు విషయం కాదు. 1921 నవంబర్‌లో, ఆ చుట్టుపక్కలే వివేకవర్ధినిలో జరిగిన సంఘ సంస్కరణ సభలో ఆలంపల్లి వెంకట రామారావు తెలుగులో మాట్లాడబోతే గేలి చేశారు. ఆ అవమానంలోంచే ఆంధ్ర జనసంఘం పుట్టింది. తర్వాత ఆంధ్ర మహాసభగా ఎదిగింది అదే.

అయితే ఇదంతా ఇంగ్లీషువాళ్ల చలవేనా అని ఎవరైనా అడగొచ్చు. కాదు. రెసిడెన్సీ చట్టం కంపెనీ సౌకర్యం కోసం వచ్చింది, తెలుగు కోసం కాదు. అదే రెసిడెన్సీ మీద తిరగబడిన తుర్రేబాజ్ ఖాన్ గతి ఏమైందో చూశాం. రెండు ప్రభుత్వాల నడుమ ఏర్పడిన సందు మాత్రమే ఇక్కడుంది. ఆ సందులో గ్రంథాలయం పెట్టాలన్న ఆలోచన, అందుకు ఇల్లు విడిచిపెట్టిన ఔదార్యం మనవాళ్లవి. రావిచెట్టు రంగారావు గడపను పక్కన పెట్టి ఆ ఘనతను దొరల ఖాతాలో వేయలేం.

నదీ ఊరుకోలేదు. 1908 సెప్టెంబర్ 28 వరద గట్టు పేటలను ఊడ్చేసింది. ఇప్పటి ఉస్మానియా ఆసుపత్రి ఆవరణలోని చింతచెట్టెక్కి దాదాపు 150 మంది బతికారు. ఎగువన 1920లో ఉస్మాన్‌సాగర్, 1927లో హిమాయత్‌సాగర్ వచ్చాకే నగరానికి కొంత నిబ్బరం చిక్కింది. 1933లో బజార్లు నిజాం ఏలుబడిలోకి తిరిగొచ్చి సుల్తాన్‌బజార్ అయ్యాయి. ఎల్ల చెరిగిపోయింది, వ్యాపారం మిగిలింది.

ఇప్పుడు రెసిడెన్సీకి మరమ్మతులు జరిగాయి, మంచిదే. బజారు ఇళ్ల మాటెత్తితే మాత్రం అవి సొంత ఆస్తులు, శిథిలమయ్యాయి, రోడ్డు ఇరుకు, దుకాణదారుడి పొట్ట కొట్టొద్దు అంటారు. ఆ వాదనలో న్యాయముంది. కూలబోయే మేడ కింద ఎవరినీ ఉండమనకూడదు. మెట్రో కోసం ఈ ఇరుకు వీధిలో ఎంత గొడవ జరిగిందో ఊరంతా చూసింది. అయితే దుకాణం నడవడమే ఈ ఇళ్ల స్వభావం కనుక, వ్యాపారాన్ని ఆపకుండానే వాటిని నిలపొచ్చు. కావలసింది మ్యూజియం కాదు: వీధివైపు ముఖభాగాన్ని నిలుపుకొనే యజమానికి పన్నులో రాయితీ, మరమ్మతుకు సులువైన అనుమతి, కూల్చక తప్పని ఇంటికి ముందుగా కొలతలు, ఫొటోలు. రెసిడెన్సీ చూడ్డానికి వచ్చినవాళ్లను గేటు దగ్గరే వెనక్కి పంపకుండా, బజారు మీదుగా ఆంధ్రభాషా నిలయం దాకా తీసుకెళ్లే ఒక దారిపటమైనా టికెట్టుతోపాటు చేతికివ్వాలి.