బ్యాటరీకి దాహమేసింది... మాకే తెలీలేదు!

మే నెల. రాత్రి పదకొండు దాటింది. ఖమ్మంలో గాలిదుమారం మొదలైన రెండు నిమిషాలకే కరెంటు పోయింది. నేనేం కంగారు పడలేదు. ఇన్వర్టర్ ఉంది కదా! హైదరాబాద్‌లో ఉద్యోగం వచ్చాక మొదటి బోనస్‌తో నేను ఇంటికి కొనిచ్చింది అదే. నానమ్మకి ఆస్తమా. ఆయాసం వస్తే నెబ్యులైజర్ పెట్టాల్సిందే. ఆ రాత్రీ పెట్టాం. మూడు నిమిషాలు కాకముందే ఇన్వర్టర్ కీచుమని అరిచి ఆగిపోయింది.

చీకట్లో నానమ్మ ఆయాసం తప్ప ఇంకేం వినిపించట్లేదు. నాన్న మిషన్ పట్టుకున్నాడు, నేను నానమ్మని పట్టుకున్నా. వానలో తడుస్తూ పక్కింటి పిన్ని వాళ్ల తలుపు కొట్టాం. మిగతా మందు వాళ్ల ఇన్వర్టర్ మీదే పీల్చింది. అరగంటకి తేరుకుని, "ఒరేయ్, మన డబ్బా ఎందుకు ఆగిందిరా?" అంది. నా దగ్గర సమాధానం లేదు.

పొద్దున్నే మెకానిక్ అన్న వచ్చాడు. మెట్ల కింద నుంచి ట్రాలీ ముందుకు లాగి, బ్యాటరీ మూతలు తీసి టార్చి వేశాడు. "చివరిసారి నీళ్లెప్పుడు పోశారు?" నేను నాన్న వైపు చూశా, నాన్న నా వైపు చూశాడు. కొన్నవాడే చూసుకుంటాడని ఆయన, ఇంట్లో ఉండేవాళ్లు చూసుకుంటారని నేను! "ఒకసారి మినరల్ వాటర్ పోశా కదా" అని నాన్న గొణిగాడు. "పేరులోనే మినరల్ ఉంది కదా అంకుల్" అన్నాడు అన్న, నవ్వకుండా.

ఇంతకీ మూత పెట్టిన డబ్బాలోంచి నీళ్లు ఎటు పోతాయి? లోపల ఆరు గదులుంటాయి. ఒక్కోటి సుమారు 2 వోల్టులు, మొత్తం 12. ప్రతి గదిలో సీసం ప్లేట్లు, అవి మునిగేలా నీళ్లు కలిపిన సల్ఫ్యూరిక్ యాసిడ్. ఛార్జింగ్ చివరికొచ్చేసరికి కరెంటు కొంత నీటిని హైడ్రోజన్, ఆక్సిజన్‌గా విడగొడుతుంది. ఆ గ్యాస్ బయటికి పోతుంది. ఎండాకాలం ఇంకా ఎక్కువ. పోయేది నీళ్లే, యాసిడ్ కాదు. అందుకే పోయాల్సిందీ నీళ్లే. 'బ్యాకప్ తగ్గింది, కాస్త యాసిడ్ పోద్దాం' అని ఎవరైనా సలహా ఇస్తే వినొద్దు. ప్లేట్లు పాడవుతాయి.

మట్టం తగ్గి ప్లేట్లు బయటపడితే ఆ భాగం ఎండిపోయి సల్ఫేట్ గట్టిపడుతుంది. ఆ తర్వాత ఎన్ని నీళ్లు పోసినా పాత బలం రాదు. మాది 150 ఏహెచ్ బ్యాటరీ. 12తో గుణిస్తే 1800 వాట్ అవర్లు. వృథా పోను నెబ్యులైజర్, ఒక ఫ్యాన్, ఒక లైటు నాలుగైదు గంటలు నడవాలి. మూడు నిమిషాలకే పడిపోయింది. అన్న నీళ్లు పోసి రోజంతా ఛార్జింగ్ పెట్టి చూశాడు. రెండు గదులు లేవలేదు. పాతదాన్ని సీసం కోసం తీసుకుని కొంత తగ్గించారు కానీ, కొత్తదానికి నా జేబులోంచి ఇంకో 14 వేలు పోయాయి. డిస్టిల్డ్ వాటర్ డబ్బా అయితే వంద రూపాయల్లో వచ్చేది!

ఇప్పుడు ఆ పని నాదే. ఇంటికెళ్లినప్పుడు ముందు మూతల మధ్యలో ఉండే ప్లాస్టిక్ పుల్లలు చూస్తా. ఎర్ర గీత దగ్గరికి దిగితే నీళ్లు కావాలి, ఆకుపచ్చ గీత వచ్చాక ఆపాలి. ఫుల్ ఛార్జ్ అయ్యాకే పోయాలి. ఖాళీగా ఉన్నప్పుడు నిండా పోస్తే ఛార్జింగ్‌లో పైకి పొంగి యాసిడ్ కారుతుంది. ప్లేట్లు బయటపడి ఉంటే మాత్రం అవి మునిగేంత పోసి, ఛార్జ్ అయ్యాక మిగతాది. ఇన్వర్టర్ ఆపి, ప్లగ్ తీసి, గ్లౌజులు, కళ్లజోడు పెట్టుకుని, ప్లాస్టిక్ గరాటుతో పోస్తా. మొదటిసారి ఇష్టమైన టీషర్ట్ వేసుకుని చేశా. ఉతికాక చూస్తే చిల్లులే! చర్మం మీద పడితే వెంటనే ధారగా నీళ్లతో కడగాలి. కుళాయి నీళ్లు, ఆర్వో నీళ్లు, ఏసీ పైపు నుంచి కారేవి ఏవీ వద్దు. ఇక మీది సీల్డ్ బ్యాటరీ అయితే అసలు విప్పకండి, దానికి నీళ్లు పోసే పనే లేదు.

ఇంకోటి. మా అమ్మ రోజూ దోమల కాయిల్ ఆ మెట్ల కిందే వెలిగించేది. హైడ్రోజన్ గాలిలో 4 శాతం చేరితే చాలు, చిన్న నిప్పుకే పేలుతుంది. అన్న చెప్పాక కాయిల్ వరండాలోకి మారింది, మెట్ల కింద అడ్డంగా పెట్టిన పాత సామాను కూడా తీసేశాం, గాలి ఆడుతోంది.

ఫోన్‌లో నెలకోసారి రిమైండర్ పెట్టుకున్నా. అది మోగేలోపే నానమ్మ నుంచి కాల్ వస్తోంది. మొన్న ఆఫీసు మీటింగ్‌లో ఉండగా చేసింది: "ఒరేయ్, మూడో దాంట్లో పుల్ల కిందికి దిగిందిరా. శనివారం వస్తున్నావా, మీ నాన్నతో పోయించనా?"