ఉచిత వైద్యము పొందు మార్గము

గ్రామ పెద్దలకు,

బీమా లేని ఇంట ఒకనికి గుండెనొప్పి వచ్చినచో బంధువులు తరచు మొదట పోవునది అప్పిచ్చువాని వద్దకు. రెండెకరముల పొలము తాకట్టు పడును. ఆ వైద్యమే ఖర్చులేక దొరకునని చెప్పగలవారు ఆ వేళ అచట లేకపోవుట వలననే ఇట్లు జరుగుచున్నది. చెప్పగలవారు మీరు కావలెనని నా కోరిక.

ప్రాణాపాయమున 108కి ఫోను చేసినచో అంబులెన్సు ఉచితముగా వచ్చును. సర్కారు వైద్యుడైనను, ప్రైవేటు వైద్యుడైనను ప్రాణము నిలుపు చికిత్స వెంటనే చేయుట విధియని 1989లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. ఈ మాట అవసరమైనపుడు ధైర్యముగా అనవచ్చును.

పెద్ద జబ్బులకు 2007లో ఆరోగ్యశ్రీ పథకము మొదలైనది. తెలంగాణమున ఆ పేరే వాడుకలోనున్నది. ఆంధ్రప్రదేశమున 2024లో ఎన్టీఆర్ వైద్యసేవ యని మార్చిరి. అన్ని జబ్బులును, అన్ని ఆసుపత్రులును ఇందులో చేరలేదు. కావున బయలుదేరుటకు ముందే 104కి ఫోను చేసి అడుగవలెను. పథకములోని ఆసుపత్రులలో ఆరోగ్యమిత్ర యను ఉద్యోగి యుండును. డబ్బు కట్టు కౌంటరునకు పోకముందే వారిని వెదకి, బియ్యపు కార్డును, ఆధారు కార్డును చూపుడు. రొక్కము కట్టి చేరిన పిదప దానిని తిరిగి రాబట్టుట మిక్కిలి కష్టము. ఆపరేషనుకు ట్రస్టు అనుమతి ముందుగా రావలెను. అత్యవసరమైనచో ఫోను మీదనే ఇత్తురు.

కార్డే లేనివాని గతి యేమి? విశాఖపట్టణపు కింగ్ జార్జి, హైదరాబాదు ఉస్మానియా, గుంటూరు పెద్దాసుపత్రి వంటి సర్కారు ఆసుపత్రులలో ఓపీ చీటీ తీసికొనిన చాలును. రద్దీ నిజమే, వరండాలో గంటలకొలది కూర్చుండవలసివచ్చును. ఐనను చిక్కు కేసులను నిత్యము చూచు వైద్యులు అక్కడ నున్నారు. పుట్టపర్తిలో 1991లో వెలసిన సత్యసాయి ఆసుపత్రిలో గుండె ఆపరేషనులకు సైతము రుసుము లేదు. పాత రిపోర్టులు తీసికొనిపోయి, వంతు కొరకు వేచియుండవలెను. కంటి జబ్బులకు హైదరాబాదులో ఎల్.వి. ప్రసాద్ నేత్ర వైద్యసంస్థ కలదు. ఇచ్చుకొనలేనివారికి అచట ఉచితముగ చికిత్స చేయుదురు.

ఇక మీ వయసువారి సంగతి. డెబ్బది ఏండ్లు నిండినవారికి, ఆస్తిపాస్తులతో నిమిత్తము లేక, కేంద్ర ప్రభుత్వము 2024 అక్టోబరులో ఆయుష్మాన్ పథకమును విస్తరించినది. కుటుంబమునకు ఏటా 5 లక్షల రూపాయల వరకు వైద్యము దొరకును. దీనికి ఆధారులోని వయస్సే ప్రమాణము. మన పల్లెలలో పుట్టిన సంవత్సరమును ఉజ్జాయింపుగా వ్రాయించుకొన్నవారు పెక్కురు. మీ కార్డును ఒకమారు తీసి చూచి, తప్పున్నచో ఆధారము చూపి ఇప్పుడే దిద్దించుకొనుడు.