టీవీ తొలి రోజుల్లో లూసిల్ బాల్

అమెరికాలో ఉంటున్న మనలో చాలామందికి 'ఐ లవ్ లూసీ' అనే నలుపు తెలుపు కామెడీ ఎప్పుడో ఒకప్పుడు కంటపడే ఉంటుంది. 1951లో మొదలైన కార్యక్రమం ఇవాళ్టికీ అంత స్పష్టంగా ఎలా కనబడుతోంది? ఈ వారం ఆ సంగతి చెప్పుకుందాం.

లూసిల్ బాల్ 1911లో న్యూయార్క్ రాష్ట్రంలోని జేమ్స్‌టౌన్‌లో పుట్టారు. హాలీవుడ్‌లో చిన్నాచితకా వేషాలతో మొదలుపెట్టి చాలా ఏళ్ళు కష్టపడ్డా అగ్రతార కాలేకపోయారు. 1948లో మొదలైన సి.బి.ఎస్. రేడియో కామెడీ 'మై ఫేవరిట్ హజ్బెండ్' ఆవిడకి మంచి పేరు తెచ్చింది. దాన్ని టీవీకి మారుద్దామని కంపెనీ అడిగితే, భర్త పాత్ర తన భర్త డెసీ ఆర్నాజ్‌కే ఇవ్వాలని పట్టుబట్టారు. ఆయన క్యూబా నుంచి వచ్చినవాడు, ఇంగ్లీషులో స్పానిష్ యాస. అమెరికన్ అమ్మాయికి అలాంటి మొగుడంటే జనం ఒప్పుకోరేమోనని కంపెనీ భయం. ఆఫీసులో ఒకే మాట రెండుసార్లు చెప్పాల్సివచ్చే మనకి ఆ భయం ఎలాంటిదో తెలుసు. ఇద్దరూ వాదించలేదు. 1950లో ఊరూరా తిరిగి స్టేజి మీద నవ్వించి చూపించారు.

రెండో చిక్కు, ఎక్కడ తీయాలన్నది. అప్పట్లో కార్యక్రమాలు ఎక్కువగా న్యూయార్క్ నుంచి లైవ్‌గా వచ్చేవి. దూరప్రాంతాలకు టీవీ తెర ముందు కెమెరా పెట్టి తీసిన మసక కాపీలు వెళ్ళేవి. ఈ దంపతులు హాలీవుడ్ వదలమన్నారు. ప్రేక్షకుల ఎదుటే మూడు కెమెరాలతో 35 ఎం.ఎం. ఫిల్మ్ మీద తీస్తామన్నారు. ఖర్చు పెరిగింది. అందుకు తమ పారితోషికం తగ్గించుకుని, బదులుగా ఆ ఫిల్మ్ హక్కులు తమ కంపెనీ డెసిలూకి రాయించుకున్నారు. ఒకసారి ప్రసారమైనదాన్ని మళ్ళీ ఎవరు చూస్తారని అనుకునే కాలమది. ఆ హక్కులే తర్వాత వాళ్ళ ఆస్తయ్యాయి. 1957లో ఆర్.కె.ఓ. స్టూడియోలనే కొనేశారు. ఒకప్పుడు లూసిల్ జీతానికి నటించిన చోటే అది!

1953 జనవరి 19న కథలో లూసీకి బాబు పుట్టాడు, అదే రోజు నిజజీవితంలోనూ పుట్టాడు. ఆ భాగాన్ని సుమారు 4 కోట్ల 40 లక్షల మంది చూశారు. అయినా ఆ కార్యక్రమంలో 'ప్రెగ్నెంట్' అనే మాట పలకనివ్వలేదు.

1960లో విడాకులయ్యాయి. 1962లో భర్త వాటా కొని ఆవిడే కంపెనీ పగ్గాలు పట్టారు. 1966లో 'స్టార్ ట్రెక్', 'మిషన్ ఇంపాసిబుల్' ఆ కంపెనీ నుంచే వచ్చాయి. 1989లో కన్నుమూశారు.

నా కన్సల్టింగ్ వృత్తిలో అందరం ముందు గంటకి రేటెంతని చూస్తాం. రాసిన ప్రోగ్రాం ఎవరి సొంతమో చాలామంది చదవనే చదవరు. ఈ దంపతులు రేటు తగ్గించుకుని మరీ ఆ రెండోది చూసుకున్నారు. వీలైతే పిల్లలతో కూర్చుని 1952 నాటి చాకొలెట్ ఫ్యాక్టరీ భాగం చూడండి. నవ్వుకున్నాక ఈ కథ కూడా చెప్పండి. సెలవు.