గాజు కడ్డీలో దాగిన పూలు

మీ మెడలో నల్లపూసలుంటే ఒక్క పూసను వెలుతురుకు పెట్టి చూడండి. ఆవగింజంత పూసకు అంత సన్నని రంధ్రం ఎలా వేశారబ్బా అనిపిస్తుంది. సూదితో పొడిచారనుకుంటే పొరపాటే. అలాంటి సన్న గాజుపూసకు రంధ్రమే ముందు పుడుతుంది, పూస ఆ తర్వాత!

కరిగిన గాజు ముద్ద మధ్యలో ఖాళీ ఉంచి సాగదీస్తే గొట్టం వస్తుంది. జాతరలో జీళ్లు చేసేవాళ్లు బెల్లం పాకాన్ని మేకుకు తగిలించి లాగడం చూశారు కదా, దాదాపు అలాగే. పాకంలాగే గాజు కూడా వేడి మీద ఉన్నంతసేపే మాట వింటుంది. ఎంత లాగినా మధ్యలో ఖాళీ పూడిపోదు. గొట్టంతో పాటు తనూ సన్నబడుతుంది. చల్లారాక ముక్కలు కోస్తే పూసలు.

ఖాళీ నిలిచినట్టే రంగు కూడా నిలుస్తుంది. నన్ను ఆకట్టుకున్నది ఆ సంగతే. గాజు ముద్దను నక్షత్రం ఆకారపు అచ్చులో నొక్కి, దాని మీద ఇంకో రంగు గాజు పూత వేసి, మళ్లీ అచ్చులో నొక్కి, మళ్లీ పూత వేస్తే లోపల పువ్వు తయారవుతుంది. ఆ ముద్దకు రెండు వైపులా ఇనుప కడ్డీలు అతికించి ఇద్దరు మనుషులు చెరోవైపు నడుస్తారు. చేయంత లావు ముద్ద వాళ్ల మధ్య పెన్సిలంత సన్నగా, గజాల కొద్దీ సాగుతుంది. కడ్డీని ఎక్కడ అడ్డంగా కోసినా అదే పువ్వు, అవే రేకలు. వాకిలి నిండా వేసిన ముగ్గు కుదించుకుపోయి వేలి గోరు మీదకొచ్చినట్టన్నమాట. ఆ బిళ్లలను పక్కపక్కన పేర్చి, వేడిచేసి అతికిస్తే గిన్నెలు, పూసలు, బల్ల మీద కాగితాలు ఎగరకుండా పెట్టే గాజు గుండ్లు. ఇటలీ వాళ్లు ఈ పనిని మిల్లెఫియోరి అంటారు. వెయ్యి పూలు అని అర్థం. రెండు వేల ఏళ్ల కిందటే రోమన్లు ఇలాంటి గిన్నెలు చేశారు.

ఇందులో ఒక చిక్కుంది. రంగురంగుల గాజులన్నీ వేడికి ఒకే తీరుగా సాగి, చల్లారేటప్పుడు ఒకే తీరుగా ముడుచుకోవాలి. లేకపోతే పనంతా అయిపోయాక టప్పుమని పగిలిపోతుంది. అందుకే ఏ రంగుకు ఏం కలపాలన్నది ఇంటి గుట్టులా దాచుకునేవారు.

మరియెట్టా కొలిమి

వెనిస్ పాలకులు 1291లో గాజు కొలిములను మురానో దీవికి తరలించారు. ఊళ్లో నిప్పు అంటుకుంటుందన్న భయం ఒకటి. పనితనం బయటికి పోకుండా చూసుకోవడానికీ ఆ దీవి పనికొచ్చింది. అక్కడ ఆంజెలో బరోవియర్ అనే పేరున్న గాజు పనివాడి కూతురు మరియెట్టా. 1487లో ఆమె తన సొంత చిన్న కొలిమి పెట్టుకోవడానికి అనుమతి దొరికింది. పొరలు పొరల నక్షత్రం కడ్డీ నుంచి కోసే రోసెట్టా పూస ఆమె చలవేనని చెబుతారు. నీలం, తెలుపు, ఎరుపు పొరలున్న ఆ పూస తర్వాత ఓడలెక్కి ఆఫ్రికాకూ అమెరికాకూ వెళ్లింది. కొలిమి అంటే మగవాళ్ల సామ్రాజ్యమే అయిన రోజుల్లో ఒక ఆడమనిషి పేరు కాగితం మీదకెక్కిందంటే ఎంత పనిమంతురాలై ఉండాలి!

1527లో సెరెనా అన్నదమ్ములు ఇంకో పద్ధతికి హక్కు పొందారు. తెల్లటి పాలరంగు గాజు కడ్డీలను తేట గాజు చుట్టూ నిలబెట్టి, వేడి మీద లాగుతూనే మెలితిప్పుతారు. లోపల తెల్ల దారాలు జడలా అల్లుకుపోతాయి. ఆ గ్లాసును చూస్తే గాజు మీద లేసు అతికించారేమో అనుకుంటాం.

ఇది చదివినప్పుడు నాకు సిరిసిల్ల గుర్తొచ్చింది. పడుగు తోడేటప్పుడు ఏ రంగు నూలు ఎక్కడ పెట్టారో, చీర పొడవునా అక్కడే ఆ చార నడుస్తుంది. మగ్గం ఎక్కాక మనసు మార్చుకుంటానంటే కుదరదు. గాజు కడ్డీ సంగతీ అంతే. ఏ పువ్వు పూయాలో ముద్దగా ఉన్నప్పుడే తేలిపోవాలి.

మనవాళ్లూ లాగారు

ఇదంతా ఎక్కడో ఇటలీ ముచ్చట అనుకోకండి. తిరుపతి జిల్లా ఏర్పేడు మండలంలో పాపానాయుడుపేట అనే ఊరుంది. అక్కడివాళ్లు కరిగిన గాజును లాడా అనే పొడవాటి ఇనుప గొట్టానికి పెద్ద ముద్దగా పట్టించి, మధ్యలో ఖాళీ చేసి, కొలిమి దగ్గర గంటల తరబడి చేతులతో గొట్టం లాగేవారు. కోసిన ముక్కలను బూడిదలో కలిపి మళ్లీ కాల్చేవారు. అలా చేస్తే పదును అంచులు గుండ్రమవుతాయి, రంధ్రం మూసుకుపోదు, ఒకదానికొకటి అతుక్కోవు. పూసల చరిత్ర రాసిన అమెరికన్ పీటర్ ఫ్రాన్సిస్ జూనియర్ ఈ ఊరి పనిని గమనించి, పుదుచ్చేరి దగ్గరి అరికమేడులో రెండు వేల ఏళ్ల కిందట పూసలు చేసిన పద్ధతికి ఇది వారసత్వమని గుర్తించారు. మన సంగారెడ్డి దగ్గరి కొండాపూర్ తవ్వకాల్లోనూ సాతవాహనుల కాలపు గాజుపూసలు దొరికాయి. వెనిస్ వాళ్లు పువ్వును దాచారు, మనవాళ్లు రంధ్రాన్ని దాచారు. లాగే విద్య ఒకటే.

మరి కడ్డీ కోశాక? ఎవరో ఒకరు గుచ్చాలి. అది రెండు చోట్లా ఆడవాళ్ల మీదే పడింది. వెనిస్‌లో వాళ్లను ఇంపిరారెస్సె అనేవారు. గడప ముందు కూర్చుని, ఒళ్లో చెక్క పళ్లెం పెట్టుకుని, విసనకర్రలా పట్టుకున్న పొడవాటి సూదుల గుత్తిని పూసల్లో గుచ్చి లేపేవారు. గుచ్చినదాన్ని బట్టి కూలి, మధ్యలో పని పంచే మనిషి. కోరుట్లలో ఏ వాడకు వెళ్లినా ఒళ్లో చాట పెట్టుకుని తునికాకు చుట్టే చేతులు కనిపిస్తాయి. వెయ్యి బీడీలకు ఇంత అని కూలి. సిరిసిల్లలో మా చిన్నమ్మ ఇంటి పక్కామె వంటకూ పిల్లల బడికీ నడుమ కండెలు చుడుతుంది. గడప దాటని పనికి ఎక్కడైనా ఇదే లెక్కలా ఉంది.

జగిత్యాలలో మా వీధికి పూసలామె ఒకామె వస్తుంది. బుట్టలో పిన్నీసులు, సూదులు, రంగు పూసలు. నా నల్లపూసల దారం మార్చమని ఇస్తే, పక్కింటావిడ ఊరికే ఉండక "గింతదానికి గన్ని పైసలా?" అంది. పూసలామె తల ఎత్తకుండానే, "ముచ్చట్లు పెట్టుకుంట గుచ్చుతరు, దానికేమున్నదంటరమ్మా. కండ్లు పోయేది మాకే గద" అంది. బంగారం దుకాణంలో తరుగు, మజూరీ ఎంతంటే అంత నోరెత్తకుండా ఇచ్చేవాళ్లం, గుచ్చేదాని దగ్గర రూపాయికి బేరమాడతాం. నేనైతే ఆమె అడిగినంతా ఇచ్చాను. పక్కింటావిడ మూతి విరుపు సరేసరి!

ఆవిడే తర్వాత, గాజుపూసకూ ప్లాస్టిక్ పూసకూ తేడా ఎట్లా తెలుస్తుందని అడిగింది. పూసలామె గుప్పెడు పూసలు తీసి ఆవిడ చెంపకు ఆనించింది. గాజైతే ముందు చల్లగా తగులుతుంది, అరచేతిలో బరువు తెలుస్తుంది, ఒకదానికొకటి తగిలితే టిక్కుమంటుంది. ప్లాస్టిక్ మెత్తగా చప్పుడు చేసి ఊరుకుంటుంది. చిన్న పూసల్లో ఒకటి కాస్త పొడవు, ఒకటి పొట్టి ఉంటే తీసి పారేయకండి. గొట్టం కోసినప్పుడు వచ్చే తేడా అది.